అరుగుమీది మాట

సాహిత్యము సంఘమునకు మేలు చేయవలెనని వాదించువారిలో నేనును ఒకడను. ఇరువది యేండ్లుగా తరగతి గదిలో పిల్లలకు ఆ మాటయే చెప్పుచు వచ్చితిని. ఐనను ఆ సిద్ధాంతపు చాటున ఒక దురాచారము పెరుగుచున్నది. అణగారినవారి పక్షమున వ్రాయువాడు వారిని పైవారు మెచ్చునట్లు దిద్ది చూపవలెనట! వారి పలుకును సంస్కరింపవలెనట! వారి నవ్వును దాచి, కన్నీటిని మాత్రమే ముందుంచవలెనట! దీనిని కొందరు సంఘసేవ యనుచున్నారు. నేను దీనిని సిగ్గు అనుచున్నాను. ఎవరిని ఉద్ధరింప బూనితిమో వారి మాట విని తలదించుకొనువాడు సంస్కర్త కాడు. దొరగారి కన్నులను అరువు తెచ్చుకొని తనవారిని చూచుచున్నవాడు.

ఈ మాట కొందరికి కష్టము కలిగించునని యెరుగుదును. కావున వట్టి వాదముతో సరిపుచ్చక, ఈ దురాచారమునకు గురియైన యొక గ్రంథకర్త్రి చరిత్రమును పాఠకుల యెదుట నుంచుచున్నాను. ఆమె అమెరికా దేశపు నల్లజాతి రచయిత్రి, జోరా నీల్ హర్‌స్టన్. ఆమెకు అన్యాయము చేసినవారు తెల్లవారు మాత్రమే యని చెప్పినచో సగము సత్యమే చెప్పినట్లగును. తక్కిన సగము మనవంటి చదువరులకు సంబంధించినది.

జోరా 1891వ సంవత్సరము జనవరి 7వ తేదీన అలబామా రాష్ట్రమునందలి నొటసల్గాలో జన్మించెను. ఆమె పసితనముననే కుటుంబము ఫ్లోరిడాలోని ఈటన్‌విల్ అను ఊరు చేరెను. ఆ ఊరు సామాన్యమైనది కాదు. నల్లజాతివారు తమకు తాముగా పురపాలనము నేర్పరచుకొని 1887లో నిలిపిన పట్టణమది. జోరా తండ్రి జాన్ హర్‌స్టన్ వడ్రంగి, మతబోధకుడు; కొంతకాలము ఆ ఊరికి మేయరుగా కూడ నుండెను. ఊరి నడుమ జో క్లార్కు అంగడి యుండెడిది. పనులు ముగించుకొని వచ్చినవారు ఆ అంగడి అరుగుమీద చేరి కథలు చెప్పుకొనువారు. ఒకరినొకరు మాటలతో ఓడించుకొనువారు. అబద్ధములాడుటలో పందెములు వేసికొనువారు. తల్లి ఏదో సరకు తెమ్మని పంపినపుడెల్ల ఆ పిల్ల అడుగు తీసి అడుగు వేయక ఆ మాటలు వినుచు నిలిచెడిది. తెల్లవాని చూపు సోకని చోట నల్లవారు తమలో తాము ఎట్లు మాటాడుకొందురో ఆమె అట్లు నేర్చుకొనెను. ఆమె వాఙ్మయమునకు ఆ అరుగే గురుకులము.

1904లో తల్లి లూసీ మరణించెను. తండ్రి త్వరలోనే మారు పెండ్లి చేసికొనెను. పదుమూడేండ్ల పిల్లకు ఇల్లు పోయినది, చదువు ఆగినది. పరుల యిండ్ల పనిచేసి, ఒక నాటక సంఘములోని గాయనికి పరిచారికయై ఊరూర తిరిగి, 1917లో బాల్టిమోర్ చేరునప్పటికి ఆమెకు 26 ఏండ్లు. అక్కడ ఉచిత విద్య చిన్నవారికే గలదు. ఆమె తన వయస్సు 16 అని చెప్పి పాఠశాలలో చేరెను. పదేండ్లు తగ్గించి చెప్పిన ఈ అబద్ధమును నిందించువారు నిందింపవచ్చును. ఏటేట బడిలో చేరు పిల్లల వయస్సులు వ్రాసికొను వృత్తిలోనున్న నేను మాత్రము నిందింపజాలను. తరువాత ఆమె హోవర్డ్ విశ్వవిద్యాలయమున చదివి, 1925లో న్యూయార్కు నగరమందలి బార్నార్డ్ కళాశాలలో చేరెను. అప్పు డక్కడ నల్లజాతి విద్యార్థిని ఆమె యొక్కతెయే. 1928లో పట్టము పుచ్చుకొనెను. మానవశాస్త్రమున ప్రఖ్యాతుడైన ఫ్రాంజ్ బోయాజ్ ఆమెకు గురువు.

ఇక్కడ నొక చిన్న కథ చెప్పవలెను. నా వాదమంతయు అందులోనే యున్నది. 1927లో బోయాజ్ ఆమెను జానపదుల కథలు, పాటలు సేకరించుటకై దక్షిణ రాష్ట్రములకు పంపెను. మొదటి యాత్ర వట్టిపోయినది. ఏలనో ఆమెయే తన ఆత్మకథలో దాపరికము లేక చెప్పినది. కళాశాలలో పట్టుబడిన నాజూకు ఉచ్చారణతో, మీకు జానపదగాథలు తెలియునా యని ఆమె పల్లెవారిని మర్యాదగా నడిగెనట. వారును అంత మర్యాదగనే, మాకేమియు తెలియదు, పక్క జిల్లాలో ఎవరికైన తెలియునేమో యని సాగనంపిరట! తరువాత ఒకమారు పోల్కు కౌంటీలోని కొయ్యకోత మిల్లు కూలీల నడుమకు పోయినపుడు, ఆమె మోటారుకారును, పండ్రెండు డాలర్ల డెబ్బదినాలుగు సెంట్ల గౌనును చూచి, ఈమె పోలీసువారి మనిషి యని వారు నోరు మెదపలేదు. నేనును సారాకేసులో పారిపోయి వచ్చినదానినే యని చెప్పి, వారితో కలిసి పాడి, వారి మాట తన నాలుకమీదికి తిరిగి తెచ్చుకొన్న తరువాతనే వారు పెదవి విప్పిరి. ఆ సేకరణమే 1935లో 'మ్యూల్స్ అండ్ మెన్' అను గ్రంథమైనది. పల్లెకు పోయి, పల్లెవారికి ఏమియు తెలియదని తిరిగివచ్చి నివేదికలు వ్రాయు విద్యావంతు లెందరు లేరు! తెలియనిది పల్లెవారికి కాదు.

ఆ మాటను ఆమె యెంత విలువకు కాపాడెనో చూడుడు. ఆఫ్రికానుండి బానిసలను తెచ్చుట అమెరికాలో 1808లోనే నిషిద్ధమైనను, 1860లో 'క్లోటిల్డా' అను ఓడ దొంగతనముగా మనుష్యులను తెచ్చి అలబామాలో దింపినది. వారిలో కడ్జో లూయిస్ అనునతడు 1927 నాటికి ముసలివాడై జీవించియుండెను. జోరా అతని యింటికి పలుమారు పోయి, పండ్లు కానుకగా నిచ్చి, అతడు పలికినపుడు వినుచు, పలుకనపుడు ఊరకుండుచు, పట్టుబడినది మొదలు అతని కథనంతయు అతని మాటలలోనే వ్రాసికొనెను. 1931 నాటికి వ్రాతప్రతి సిద్ధమయ్యెను. ఒక ప్రచురణ సంస్థవారు, పుస్తకము బాగుగనే యున్నది గాని ముసలివాని యాసను తీసి మంచి భాషలో వ్రాసి యిమ్మనిరి. ఆమె యొప్పుకొనలేదు. పుస్తకము పెట్టెలో పడెను. కడ్జో 1935లో పోయెను; జోరా 1960లో పోయెను. 'బరాకూన్' అను ఆ గ్రంథము 2018లో గాని వెలుగు చూడలేదు. యాస తీసియిచ్చినచో ఆమెకు ధనము వచ్చియుండును. ఇల్లు, పేరు, బంధువులు, భాష సమస్తము దోచుకొనబడిన యొక మనుష్యుని చేత మిగిలినది తాను కూడదీసికొన్న ఆ పలుకొక్కటియే. దానిని కూడ తీసివేసి అతని కథ అచ్చువేయుమనుట ఎట్టి ధర్మమో ఆ సంస్థవారే చెప్పవలెను.

ఇక ఆమె నవలలలో ముఖ్యమైన 'దెయిర్ ఐస్ వర్ వాచింగ్ గాడ్' అను దానికి వత్తును. హైతీ ద్వీపమున నుండి, ఏడు వారములలో ఆమె దీనిని వ్రాసెను. 1937లో అచ్చయినది. కథానాయిక జేనీ. బానిసత్వమున పుట్టిన అవ్వ ఆమెను పెంచినది. తాను పడిన పాట్లు మనుమరాలు పడరాదని, అరువది యెకరముల భూమిగల ముదురువానికి పదునారేండ్ల పిల్లను కట్టిపెట్టినది. అవ్వ దుష్టురాలు కాదు, భయపడినది. భయము చేసిన పెండ్లిండ్లు మన యిండ్లలో నెన్ని లేవు? జేనీ ఆ కాపురమును విడిచి, జో స్టార్క్స్ అను ఉత్సాహవంతునితో ఈటన్‌విల్ చేరును. అతడు ఊరు బాగుచేయును, దీపము వేయించును, అంగడి పెట్టును, మేయరగును. అతడు సంస్కర్త! ఐనను ఊరివారు మేయరుగారి భార్యను నాలుగు మాటలు మాటాడుమని కోరిన దినమున, ఆమెకు ఉపన్యాసములు తెలియవు, ఆమె చోటు ఇల్లు అని అతడే తేల్చివేయును. ఆమె జుట్టు ఇతరులు చూడరాదని తలకు గుడ్డ కట్టించును. అరుగుమీద ఊరంతయు ఒక బక్క కంచరగాడిదను గూర్చి చిత్రవిచిత్రముగా కథలల్లుచుండగా, జేనీకి మనసులో మంచి కథలు తోచును గాని, మేయరు భార్య ఆ గుంపులో నోరు తెరువరాదు. ఇరువది యేండ్లు ఆమె మాట లోపలనే యుండును. ఒకనాడు అందరి యెదుట అతడు ఆమె వయస్సును, శరీరమును ఎగతాళి చేయగా, ఆమె ఒక్కమారు తిరిగి పలుకును. ఆ పలుకుతో అతని గొప్పతనము కూలును.

అతడు చనిపోయిన పిమ్మట ఆమె తనకంటె చిన్నవాడైన టీ కేక్ అనువానిని వలచి, అతనితో ఎవర్‌గ్లేడ్స్ బురదనేలలలో చిక్కుడుకాయలు కోయు కూలీల నడుమ కాపురముండును. ఓకీచోబీ సరస్సు కట్టలు తెగిన తుపానులో అతడు ఆమెను రక్షింపబోయి పిచ్చికుక్క కాటునకు లోనై, మతి తప్పి, ఆమెమీదికే తుపాకి యెత్తును. ఆమె ప్రాణరక్షణకై అతనిని కాల్చవలసి వచ్చును. న్యాయస్థానమున నిర్దోషియై, ఊరికి మరలి వచ్చి, పెరటి అరుగుమీద కూర్చుండి, తన కథనంతయు ఫీబీ యను చెలికత్తెకు చెప్పును. మగవారి అరుగుమీద అడ్డగింపబడిన మాట పెరటి అరుగుమీద నిండుగా పలికినది. నవల యావత్తు ఆ పలుకే.

ఈ గ్రంథమును తెల్లవారి పత్రికలు కొన్ని మెచ్చినవి. ఆమె జాతివారైన విద్యావంతులే ఎక్కువగా తూలనాడిరి. 1937లోనే రిచర్డ్ రైట్ 'న్యూ మాసెస్' పత్రికలో, ఈ నవలకు విషయము లేదు, సందేశము లేదు, ఆలోచన లేదు, తెల్లవారు నవ్వుకొనుటకై నల్లవారిని ఆడించుచున్నదని వ్రాసెను. మరుసటి యేట ఆలెన్ లాక్ పండితుడు, ఈమె యెప్పుడు సాంఘిక సమస్యను చేపట్టునని అడిగెను.

రైట్‌ను నేను తేలికగా త్రోసివేయను. ఆయన మిసిసిపీలో 1908లో పుట్టినవాడు. ఆయన తల్లి సోదరి భర్తను తెల్లవారు చంపిరి. 1940లో వచ్చిన ఆయన 'నేటివ్ సన్' గొప్ప గ్రంథము. నూరేండ్లుగా తెల్లవారు ముఖమునకు మసి పూసికొని, నల్లవారి యాసను వికారముగా పలుకుచు రంగస్థలములమీద ధనము గడించుచుండిరి. ఆ నవ్వులోనే బానిసత్వమునకు సమర్థనము ఉండెను. మూకలు మనుష్యులను చెట్లకు ఉరిదీయుచున్న కాలమున, తనవారి యాసను, నవ్వును అచ్చులో చూచి ఆయన ఉలికిపడుటలో వింత లేదు. ఆయన వాదమున కింతకంటె బలమైన రూపము నేను కల్పింపజాలను.

ఐనను ఆ వాదము నిలువదు. ఆ మసిపూతల రంగస్థలమున యాసను చూచి నవ్వువాడు ప్రేక్షకుడు. జోరా గ్రంథమున నవ్వువాడు ఆ యాసలో పలుకువాడే. అంగడి అరుగుమీదివారు పరుల మెప్పునకై మాటాడుట లేదు; వారి యెదుట తెల్లవాడు లేనేలేడు. దొంగ యెత్తుకొనిపోయిన సొమ్ము దొంగదని విడిచిపెట్టుమనునట్లున్నది రైట్ ఉపదేశము. మరుసటి యేట రైట్ కథల సంపుటిని విమర్శించుచు జోరా, అందలి పాత్రల యాస సరిగా లేదని యెత్తిచూపెను. ఉద్ధరింపబడువారి పలుకు ఉద్ధారకుని చెవికి సరిగా వినబడకపోవుట చిన్న దోషము కాదు.

ఇక విషయము లేదను మాట. ఇరువది యేండ్లు నోరు మూయబడిన స్త్రీ తిరిగి పలుకుట విషయము కాదా? అవ్వ భయమునకు మనుమరాలి యౌవనము వెలయగుట విషయము కాదా? తెల్లవాడు నల్లవానిని కొట్టినచో సాంఘిక సమస్య. మగడు భార్య నోరు నొక్కినచో అది ఇంటి గొడవ! ఈ విభాగము చేసినవారెవరు? బాల్యవివాహమును, వితంతువుల దుఃఖమును ఒకప్పుడు ఇంటి గొడవలేయని త్రోసిపుచ్చిన పెద్దలను మన తెలుగుదేశము కూడ ఎరుగును. ఆ గొడవలు సమస్యలని చాటినవారినే మనము సంస్కర్తలని కొనియాడుచున్నాము.

సంస్కృతము చదివినవారు కొందరు గ్రామ్యత కావ్యదోషమని ఆలంకారికులు చెప్పలేదా యని నన్నడుగుదురు. చెప్పిరి. ఐనను శకుంతల సంస్కృతము పలుకదని వారు మరచుచున్నారు. ఆమె పలికినది ప్రాకృతము. నిండుసభలో రాజు తన్నెరుగనన్నపుడు ఆ పలుకుతోనే అతనిని అనార్యుడని నిలదీసినది. పలుకు ప్రాకృతమైనందున ఆమె యభిమానము కొరవడినదని ఏ సహృదయుడును అనలేదు. నాటకములలో రాజు భాష యొకటి, స్త్రీల భాష యొకటి. నడుమ గోడ గలదు. జోరా ఆ గోడను కూలద్రోసెను. ఆమె నవలలో కథ చెప్పు గొంతు మొదట చదివిన భాషలో సాగి, క్రమముగా జేనీ పలుకుబడిలోనికి ఒదుగును. ఎక్కడ గ్రంథకర్త్రి ముగిసి ఎక్కడ పల్లెపడుచు మొదలైనదో చెప్పలేము. నా యెరుకలో ఇంతకు మించిన సమత్వ ప్రబోధము ఏ కరపత్రమునందును లేదు.

ఆమెను దేవతను చేయుట నా యుద్దేశము కాదు. నవలలో టీ కేక్ జేనీని ఒకమారు కొట్టును. గ్రంథము ఆ దెబ్బను తేలికగా దాటిపోవుట నా కిష్టము లేదు. 1927లో కడ్జోను గూర్చి ఆమె ప్రకటించిన మొదటి వ్యాసములో చాలభాగము మరియొక గ్రంథమునుండి చెప్పక తీసికొన్నదని తరువాత బయటపడినది. ఆ కాలముననే షార్లట్ ఆస్‌గుడ్ మేసన్ అను ధనికురాలితో, నెలకు 200 డాలర్లు పుచ్చుకొని, సేకరించినదంతయు ఆమె సొత్తగునట్లు ఒడంబడిక వ్రాసికొనెను. 1954లో సర్వోన్నత న్యాయస్థానము బడులలో జాతుల వేర్పాటు చెల్లదని తీర్పు చెప్పగా, 1955లో జోరా ఆ తీర్పును నిరసించుచు పత్రికకు లేఖ వ్రాసెను. తెల్లవారి పక్కన కూర్చున్నంతనే నల్లపిల్లల గౌరవము పెరుగుననుట అవమానమని ఆమె భావము. అభిమానములో సత్యము గలదు. తీర్పును నిరసించుట తప్పు. వేర్పాటు బడులలో నల్లపిల్లలకు దక్కినది చిరిగిన పుస్తకములే. నేడామెను పొగడువారు కొందరు ఈ లేఖను దాచుచున్నారు. అదియు పూర్వపు సిగ్గే, మరియొక వేషమున వచ్చినది.

ఆమె కడపటి దినములను తడవక తప్పదు. ఏ యొక్క పుస్తకమునకును ఆమెకు లభించిన పెద్ద ప్రతిఫలము 943 డాలర్ల 75 సెంట్లు మించలేదు. 1948లో ఆమెపై ఒక ఘోరమైన నేరము మోపిరి. ఆ నేరము జరిగినదన్న కాలమున ఆమె ఆ దేశముననే లేదు. అభియోగము కొట్టివేయబడినను, అంతకు ముందే ఆమె జాతివారి పత్రికయే దానిని చాటింపు వేసినది. 1950లో మయామీలో ఒక యింట పనికత్తెగా నుండగా, ఆమె కథ అచ్చయిన పత్రిక యజమానురాలి చేతికి వచ్చినదట. 1958లో ఫోర్ట్ పియర్స్ పట్టణమున కొంతకాలము పాఠములు కూడ చెప్పినది. 1960 జనవరి 28వ తేదీన అక్కడి అనాథాశ్రమమున మరణించెను. ఇరుగుపొరుగువారు చందాలెత్తి పాతిపెట్టిరి. సమాధికి రాయి లేదు. ఆమె కాగితములను చెత్తతోపాటు తగులబెట్టుచుండగా, ఆ దారిని పోవుచున్న ఆమె నెరిగిన పోలీసు ఉద్యోగి యొకడు నీరు చల్లి మంట నార్పెను. అంచులు కాలిన ఆ కాగితములలోని హేరోదు రాజు కథ 2025లో అచ్చయినది.

1973లో ఆలిస్ వాకర్ అను రచయిత్రి మోకాలెత్తు గడ్డిలో ఆ సమాధిని వెదకి రాయి వేయించెను. దానిపై పుట్టిన సంవత్సరము 1901 అని చెక్కబడినది. చదువుకొరకు ఆడిన అబద్ధము సమాధిరాతిమీద సత్యమై నిలిచినది! 1978లో ఆ నవల మరల అచ్చయి, అటుపిమ్మట లక్షలకొలది చేతులలోనికి పోయినది. సంఘము విషయము లేదన్న గ్రంథములో విషయమును కనుగొన్నవారు ముఖ్యముగా స్త్రీలు.

ఇది అమెరికా కథ గదా, నీకేమి బాధ యని యడుగువారికి నా తప్పొకటి చెప్పి ముగింతును. కొన్నియేండ్ల క్రిందట నా తరగతిలో ఒక బాలిక తన అవ్వను గూర్చి వ్యాసము వ్రాసినది. అవ్వ మాటలను అవ్వ పలికినట్లే వ్రాసినది. నేను ఎర్రసిరాతో ఆ మాటలన్నిటిని కొట్టివేసి, ప్రక్కన శుద్ధరూపములు వ్రాసి యిచ్చితిని. ఆ పిల్ల తెలివిగలది, మారుమాటాడక నేర్చుకొనెను. ఆ తరువాత ఆమె వ్యాసములలో తప్పులు లేవు. అవ్వయు లేదు.

ఈ మాటను కూడ గ్రాంథికముననే వ్రాయుచున్నానని నన్ను చూచి నవ్వువారు నవ్వవచ్చును. నా కలమునకు పట్టిన అలవాటు నా శిక్ష. శుద్ధభాష నేర్పుట నా వృత్తి. దానిని మానుమనుట లేదు. పిల్లవానికి రెండవ భాష నిచ్చుట వేరు, మొదటిదానిని చూచి సిగ్గుపడ నేర్పుట వేరు. ఎర్రసిరా చేతబట్టిన ప్రతివాడును, తల్లియైనను, ఉపాధ్యాయుడైనను, విమర్శకుడైనను, సంస్కర్తయైనను, కొట్టివేయుటకు ముందు ఒక్కసారి ఆ మాట యెవరిదో అడిగి తెలిసికొనవలెను.